బియ్యం ఎగుమతులు ఆపినందువల్ల చివరికి ఎవరికి ఎంత మిగిలింది?

పాఠం మాస్టారు — 2025 డిసెంబర్ 3, రాత్రి 9:40

అంతర్జాతీయ వాణిజ్యం పాఠంలో ఎగుమతి నిషేధానికి మేము నల్లబల్ల మీద ఒక బొమ్మ గీస్తాం. దేశం లోపల ధర పడుతుంది, కొనేవాడు లాభపడతాడు, పండించేవాడు నష్టపోతాడు, లాభం కంటే నష్టం కాస్త పెద్దది, ఆ తేడా ఎవరికీ దక్కకుండా పోయిన సంపద అని చెప్పి, గంట కొట్టగానే బయటకు వస్తాం. పాతికేళ్ళుగా నేను చెబుతున్నది ఇదే. అయితే 2022 సెప్టెంబర్ నుంచి 2025 మార్చి వరకు మన దేశం బియ్యం విషయంలో నడిపిన వ్యవహారాన్ని ఆ బొమ్మ పక్కన పెట్టి చూస్తే నాకు లెక్క కుదరడం లేదు.

వరుస ఇదీ. 2022 సెప్టెంబర్‌లో నూకల ఎగుమతిని నిషేధించి, బాస్మతి కాని పచ్చిబియ్యంపై 20 శాతం సుంకం వేశారు. 2023 జూలై 20న ఆ పచ్చిబియ్యం ఎగుమతినే పూర్తిగా ఆపేశారు. ఆగస్టు 25న ఉప్పుడు బియ్యంపై, అంటే ధాన్యాన్ని ఉడికించి ఆడించిన బియ్యంపై, 20 శాతం సుంకం వచ్చింది. అదే నెల చివర బాస్మతికి టన్నుకు 1,200 డాలర్ల కనీస ఎగుమతి ధర పెట్టి, అక్టోబర్‌లో దానిని 950కి దించారు. 2024 సెప్టెంబర్ చివర పచ్చిబియ్యంపై నిషేధం తీసి 490 డాలర్ల కనీస ధర ఉంచారు, మరుసటి నెలలో అదీ తీసేశారు. నూకలకు 2025 మార్చిలో గాని విడుదల దొరకలేదు.

ఈ మధ్యలో బాస్మతీయేతర బియ్యం ఎగుమతులు 2022–23లోని సుమారు 178 లక్షల టన్నుల నుంచి 2023–24లో 111 లక్షల టన్నులకు తగ్గాయి. ప్రపంచ బియ్యం వ్యాపారంలో మన వాటా దాదాపు 40 శాతం కనుక ఆ దెబ్బ బయట వెంటనే తెలిసింది. 2023 ఆగస్టులో థాయిలాండ్ బియ్యం టన్ను 650 డాలర్ల దరిదాపులకు చేరింది. అది పదిహేనేళ్ళ గరిష్ఠం. ఇంతవరకు పాఠంలో ఉన్నట్టే జరిగింది. దేశం లోపల మాత్రం బియ్యం ధర దిగలేదు. 2024 తొలి నెలల్లో కూడా ఏడాదికి 12 శాతం పైన పెరుగుతూనే ఉంది. అరవై లక్షల టన్నులకు పైగా సరుకు గడప దాటకుండా ఇంట్లోనే ఉండిపోయినప్పుడు ధర ఎందుకు తగ్గలేదన్నది నా ప్రశ్న.

మిల్లు గుమాస్తా, మిర్యాలగూడ — డిసెంబర్ 3, రాత్రి 11:05

మాస్టారు గారూ, మీ బొమ్మలో బియ్యం ఒకే సరుకు. మా మిల్లు గుమ్మంలో నిలబడి చూస్తే బియ్యం అనే సరుకే లేదు. సన్నాలు, దొడ్డు, పచ్చివి, ఉప్పుడువి, నూకలు ఉన్నాయి. వాటిలో ఒక్కొక్కదానిని తినేవాడు వేరు, కొనేవాడు వేరు, అది వెళ్ళే దారి వేరు.

ఆఫ్రికాకు వెళ్ళేది ఎక్కువగా దొడ్డు రకం, అందులోనూ ఉప్పుడు బియ్యం. హైదరాబాదులో ఇరవయ్యారు కిలోల బస్తా ధర పెరిగిందని గృహిణులు బాధపడ్డది సన్నబియ్యం గురించి. 2023లో కృష్ణా పరీవాహకంలో వానలు తగ్గి సాగర్ నిండలేదు. ఆ ఏడాది ఆగస్టు నెల 1901 నుంచి ఉన్న లెక్కల్లోనే దేశానికి అతి పొడి ఆగస్టు. మా ప్రాంతంలో సన్నాలు పండేది వానాకాలంలో, సాగర్ ఆయకట్టులో. సన్నాల కొరత అక్కడ పుట్టింది. కాకినాడలో దొడ్డు బియ్యం ఓడ ఆపినంత మాత్రాన సాంబమసూరి ధర తగ్గదు. జలుబు చేసినవాడి కాలికి కట్టు కట్టినట్టు అయింది.

ఇక దొడ్డు ధాన్యాన్ని ప్రభుత్వమే మద్దతు ధరకు కొంటుంది. 2023–24లో సాధారణ రకానికి క్వింటాలు 2,183 రూపాయలు. ఎగుమతులు ఆగినా ఆ మెట్టు కిందికి దిగదు. అంటే కిందికి దిగవలసిన ధరకు నేల అడ్డం వచ్చింది, దిగాలని జనం కోరిన ధర వేరే గదిలో ఉంది.

పాఠం మాస్టారు — డిసెంబర్ 4, ఉదయం 6:50

గుమాస్తా గారు చెప్పినది నా ప్రశ్నలో సగానికి పైగా తీర్చింది. ఒక సందేహం మిగిలింది. ఉప్పుడు బియ్యానికి, పచ్చిబియ్యానికి మూలం ఒకే ధాన్యం కదా. పచ్చిబియ్యాన్ని ఆపి ఉప్పుడు బియ్యాన్ని నెలపాటు స్వేచ్ఛగా వదిలినప్పుడు మిల్లులు అటు తిరగలేదా?

మిల్లు గుమాస్తా, మిర్యాలగూడ — డిసెంబర్ 4, ఉదయం 8:30

తిరగగలిగినవి తిరిగాయి. ఉప్పుడు బియ్యానికి ధాన్యం నానబెట్టి, ఆవిరి పట్టి, ఆరబెట్టే యంత్రాలు కావాలి, కనుక ప్రతి మిల్లూ తిరగలేదు. ఆ దారి కూడా మూయడానికే ఆగస్టు సుంకం వచ్చిందని మేము అనుకున్నాం.

ఇక్కడ ఇంకొక సంగతి చెప్పాలి. తెలంగాణ యాసంగి (రబీ) ధాన్యం ఏప్రిల్, మే ఎండల్లో కోతకు వస్తుంది. ఆ వేడికి గింజలో పగుళ్ళు పడతాయి. పచ్చిగా ఆడిస్తే నూక విపరీతంగా వస్తుంది, ఉడికించి ఆడిస్తే పగులు అతుక్కుంటుంది. భారత ఆహార సంస్థకు క్వింటాలు ధాన్యానికి పచ్చిదైతే 67 కిలోలు, ఉప్పుడుదైతే 68 కిలోల బియ్యం ఇవ్వాలి. యాసంగి పంటను పచ్చిగా ఆడించి ఆ లెక్క అప్పగించడం ఎంత కష్టమో మిల్లు నడిపినవాడికే తెలుసు. 2021లో ఇకపై ఉప్పుడు బియ్యం తీసుకోబోమని కేంద్రం అన్నప్పుడు ఇక్కడ అంత గొడవ జరగడానికి కారణం ఇదే. ఉప్పుడు బియ్యం మన ఇళ్ళలో తినరు. కేరళలో, తమిళనాడులో, బంగ్లాదేశ్‌లో, పశ్చిమ ఆఫ్రికాలో తింటారు. అంటే మా యాసంగి పంటను తినే నోరు పుట్టుకతోనే ఊరి బయట ఉంది. స్వదేశీ వినియోగదారుడి కోసం ఎగుమతి ఆపాలన్న వాదన వానాకాలపు సన్నాలకు వర్తించినట్టు యాసంగి దొడ్డు ధాన్యానికి వర్తించదు.

డల్లాస్ నుంచి — డిసెంబర్ 4, ఉదయం 10:15

మీ చర్చకు ఈ సముద్రం అవతలి సాక్ష్యం ఒకటి చేరుస్తాను. 2023 జూలై 20 సాయంత్రానికే ఇక్కడి భారతీయ దుకాణాల ముందు వరుసలు మొదలయ్యాయి. రెండు రోజుల్లో సోనా మసూరి బస్తా ధర దాదాపు రెట్టింపు చేసి, ఒక్కో కుటుంబానికి ఒకటే అని కాగితం అంటించారు. మా ఇద్దరికీ నెలకు సగం బస్తా చాలు. అయినా మా ఆయనా నేనూ విడివిడిగా వరుసలో నిలబడి రెండు తెచ్చుకున్నాం. ఆ పని గురించి ఇప్పటికీ సిగ్గుపడుతున్నాను.

ఆ రోజున ఇక్కడి గోదాముల్లో బియ్యం తక్కువేమీ లేదు. భారతదేశం నుంచి ఓడలో సరుకు రావడానికి నెలకు పైగా పడుతుంది. జూలైలో అమ్మినది ఎప్పుడో బయలుదేరిన సరుకు. అంటే నిషేధం వల్ల ఒక్క గింజ తగ్గకముందే ధర పెరిగింది. రేపటి ధర ఇవాళ్టి బస్తా మీదికి ముందే వచ్చి కూర్చుంది.

నన్ను ఆలోచింపజేసింది ఇంకొక దృశ్యం. అదే దుకాణంలో, సోనా మసూరి ఉన్న అర పక్క అరలో థాయ్ జాస్మిన్ బియ్యం బస్తాలు నిండుగా ఉన్నాయి, ధర మారలేదు, ఎవరూ తాకలేదు. బాస్మతి కూడా ఉంది. పుస్తకంలో బియ్యం బియ్యమే. మా ఇంట్లో పప్పన్నంలోకి జాస్మిన్ పనికిరాదు, ముద్ద కడుతుంది. ఒకే వస్తువుకు ఒకే ధర ఉంటుందన్న సూత్రం పనిచేయాలంటే తినేవాళ్ళు రెండింటినీ ఒకే వస్తువుగా ఒప్పుకోవాలి కదా మాస్టారు గారూ.

రేవు పద్దులు, కాకినాడ — డిసెంబర్ 4, మధ్యాహ్నం 2:20

నేను ముప్పై ఏళ్ళు ఓడల లెక్కలు రాసి విశ్రాంతి తీసుకున్నవాడిని. సిద్ధాంతాలు తెలియవు గాని, రెండు రేవుల మధ్య ధర తేడా దేనితో తయారవుతుందో చెప్పగలను.

కాకినాడ ఆంకరేజ్ రేవులో ఓడ ఒడ్డుకు రాదు. హోప్ ఐలాండ్ చాటున సముద్రంలో లంగరు వేస్తుంది. బస్తాలను లారీలోంచి బార్జీలోకి, బార్జీలోంచి ఓడ క్రేనుకు చేర్చాలి. ముప్పై వేల టన్నుల ఓడ నిండాలంటే యాభై కిలోల బస్తాలు ఆరు లక్షలు కావాలి. ప్రతి బస్తాను మనిషి వీపు మోయాలి. చినుకు పడితే ఓడ మూతలు వేసేస్తారు, పని ఆగుతుంది, ఓడ అద్దె ఆగదు. ఒప్పుకున్న రోజులు దాటితే డెమరేజ్ అనే జరిమానా కట్టాలి. పశ్చిమ ఆఫ్రికాలో బెనిన్ దేశపు రేవు కొటొనూలో బియ్యం ధర మన ధర కంటే ఎంత ఎక్కువ అని అడిగేవారికి నేను ఇచ్చే సమాధానం ఒకటే. గోనె సంచి, హమాలీ, బార్జీ, వాన, ఓడ అద్దె, అక్కడి సుంకం, అప్పు వడ్డీ, వీటి మొత్తం ఎంతో తేడా కూడా దాదాపు అంత. అంతకంటే పెరిగితే ఇంకో వ్యాపారి ఇంకో ఓడ మాట్లాడుకుంటాడు, తగ్గితే ఓడ రాదు.

నిషేధం వచ్చిన రోజున ఈ లెక్క తెగిపోయింది. అప్పటికే నింపడం మొదలైన ఓడలను వెళ్ళనిచ్చారు. మిగిలినవారి సరుకు రేవు చుట్టూ గోదాముల్లో ఉండిపోయింది. పని లేక బార్జీలు ఒడ్డుకు కట్టిపడేశారు. రోజు కూలీ మీద బతికే హమాలీలకు ఆ నెలలు ఎలా గడిచాయో ఏ గణాంకంలోనూ కనిపించదు.

బెనిన్ చిన్న దేశం. వాళ్ళు తినగలిగినదాని కంటే చాలా ఎక్కువ బియ్యం కొటొనూలో దిగుతుంది. మిగిలినది సరిహద్దు దాటి నైజీరియా వెళుతుంది. నైజీరియాలో భూమార్గాన బియ్యం దిగుమతికి అనుమతి లేదు. 2019 ఆగస్టు నుంచి 2020 డిసెంబర్ వరకు ఆ దేశం సరిహద్దులే మూసింది. అలా మూసిన కాలంలో ఇక్కడ మా ఆర్డర్లు తగ్గాయి. నైజీరియా రాజధాని అబూజాలో తీసుకున్న నిర్ణయానికి కాకినాడ జగన్నాథపురంలో హమాలీకి కూలి తగ్గింది. మార్కెట్ల అనుసంధానం అని మీరు అనేది ఇదే అయితే, అది నాకు బాగా తెలుసు.

యాసంగి రైతు, సూర్యాపేట జిల్లా — డిసెంబర్ 4, రాత్రి 8:45

అందరూ నిషేధం వల్ల రైతు నష్టపోయాడని ముందే తీర్మానించి మాట్లాడుతున్నారు. 2023 వానాకాలంలో నేను ఐదెకరాల్లో సన్నాలు వేశాను. బోరు ఉంది కనుక పంట నిలిచింది. మద్దతు ధర కంటే ఎక్కువకే మిల్లుకు నేరుగా అమ్మాను. నా జీవితంలో సన్నాలకు మంచి ధర చూసిన సంవత్సరాల్లో అదొకటి. నిషేధం ఉన్న ఏడాదే అది. మరి నష్టం ఎక్కడ ఉన్నట్టు?

పాఠం మాస్టారు — డిసెంబర్ 5, ఉదయం 6:30

రైతు గారి ప్రశ్న సూటిగా ఉంది, సమాధానం కూడా అంత సూటిగా ఇవ్వాలి. మీరు పొందిన ధరకు, నిషేధం లేకపోతే పొందగలిగిన ధరకు మధ్య ఉన్నదే నష్టం. రెండోది ఎవరి రశీదులోనూ ఉండదు కనుక కనిపించదు. మీ సన్నాల విషయంలో ఆ తేడా చిన్నదే కావచ్చు, ఎందుకంటే వాటి కొరత స్థానికం, కొనేవాళ్ళు స్థానికులు. యాసంగి దొడ్డు ధాన్యం పండించినవారికి తేడా పెద్దది. బయట పదిహేనేళ్ళ గరిష్ఠ ధర నడుస్తుంటే వారికి అందింది మద్దతు ధర మాత్రమే. వారు నష్టపోలేదనడం కంటే, రాబోయిన లాభం గుమ్మం బయట ఆగిపోయిందనడం సరైనది.

సుంకానికి, నిషేధానికి తేడా చూపే ఊహాలెక్క ఒకటి వేస్తాను. పశ్చిమ ఆఫ్రికా కొనుగోలుదారు ఉప్పుడు బియ్యానికి టన్నుకు 500 డాలర్లు ఇస్తున్నాడనుకుందాం. మనం 20 శాతం సుంకం వేశాం. మనది చిన్న దేశమైతే ప్రపంచ ధర కదలదు, సుంకమంతా మన ఎగుమతిదారు నెత్తినే పడి అతనికి సుమారు 417 డాలర్లు మిగులుతాయి. ప్రపంచ వ్యాపారంలో మన వాటా 40 శాతం కనుక ధర కదులుతుంది. అది 540కి పెరిగిందనుకుంటే మన ఎగుమతిదారుకు 450, ఖజానాకు 90. మన వైపు అమ్మకందారు 50 కోల్పోయాడు, ఖజానాకు 90 వచ్చింది, కనుక వెళ్ళిన ప్రతి టన్ను మీదా దేశానికి నికరంగా 40 డాలర్లు మిగిలాయి. పెద్ద ఎగుమతి దేశానికి సుంకం లాభించవచ్చునన్న పాత సిద్ధాంతం ఇంతే. అయితే ఆ 40 డాలర్లు ఆకాశం నుంచి రాలేదు, బెనిన్‌లో బియ్యం కొన్న మనిషి జేబులోంచి వచ్చాయి. అలాగే ఖజానాకు వచ్చిన 90 డాలర్లలో కోల్పోయిన 50 తిరిగి రైతుకు చేరే ఏర్పాటు ఏదీ లేదు.

నిషేధంలో ఖజానాకు కూడా ఏమీ రాదు. లోపలి ధరకు, బయటి ధరకు మధ్య అంతరం మాత్రం ఏర్పడుతుంది. ప్రభుత్వాల మధ్య ఒప్పందాల కింద కొంత సరుకు జాతీయ సహకార ఎగుమతుల సంస్థ ద్వారా వెళ్ళింది. ఫిలిప్పీన్స్‌కు 2,95,000 టన్నులు, మలేసియాకు 1,70,000, నేపాల్‌కు 95,000 టన్నులు అనుమతించారు. అలాంటి అనుమతి ఎవరి చేతిలో ఉంటే ఆ అంతరం వారి చేతిలో పడుతుంది. దీనిని మేము కోటా లాభం అంటాం. ఇది అవినీతి ఉంటేనే పుట్టేది కాదు, నియమాల ప్రకారమే నడిచినా పుడుతుంది.

డల్లాస్ వారి ప్రశ్నకు కూడా జవాబు ఇందులోనే ఉంది. ఒకే ధర సూత్రం ఒకే వస్తువుకే. దేశాన్ని బట్టి, రకాన్ని బట్టి వస్తువు వేరని కొనేవారు భావిస్తే సరిహద్దు దాటిన పోటీ సగమే పనిచేస్తుంది. మీ పప్పన్నం ఆ సిద్ధాంతానికి నేను ఇప్పటివరకు విన్న ఉదాహరణలన్నింటిలో మంచిది, ఇకపై తరగతిలో వాడుకుంటాను.

పాత పుటలు — డిసెంబర్ 5, మధ్యాహ్నం 12:40

మాస్టారు గారి లెక్క అంతా సరుకు కదలాలా వద్దా అన్న ప్రశ్న మీద నడుస్తోంది. కదలగలగడం అంటే ఏమిటో మన నేల మీదే రెండుసార్లు, రెండు విధాలుగా తెలిసివచ్చింది.

మొదటిది నందన కరువు, 1832–33. గుంటూరు జిల్లా జనాభా అప్పట్లో ఐదు లక్షల వరకు ఉండేది. లక్షన్నర నుంచి రెండు లక్షల మంది చనిపోయారని అంచనా. అప్పటికి కృష్ణకు ఆనకట్ట లేదు, కాలువలు లేవు, రైలు లేదు. ధాన్యం రావాలంటే ఎద్దుల మీద రావాలి. పశువులకు మేత, నీరు లేని దారిలో ఎద్దులు ఎంత దూరం నడుస్తాయి? దూరాన ధాన్యం ఉండికూడా ఇక్కడికి చేరలేదు. అనుసంధానం లేని మార్కెట్ అంటే అది. ఆ తరువాత 1852 నాటికి ధవళేశ్వరం ఆనకట్ట, 1855 నాటికి బెజవాడ ఆనకట్ట వచ్చాయి. గోదావరి, కృష్ణా డెల్టాలు బియ్యం ఎగుమతి చేసే స్థితికి చేరాయి.

రెండవది ధాత కరువు, 1876–78. ఈసారి రైలు ఉంది. మద్రాసు నుంచి బొంబాయికి కడప, గుత్తి, ఆదోని మీదుగా వెళ్ళే దారి 1871లోనే పూర్తయింది. అయినా ఘోరంగా దెబ్బతిన్న ప్రాంతాలు ఆ పట్టాలు వెళ్ళిన బళ్ళారి, కడప జిల్లాలు, వాటి పక్కనున్న కర్నూలు జిల్లా. ధాన్యం స్టేషన్లకు వచ్చింది. కొనడానికి జనం దగ్గర డబ్బు లేదు. పంట పోయిన కూలీకి పని పోయింది, పని పోయినవాడికి మార్కెట్లో స్థానం పోయింది. దేశం నుంచి ధాన్యం ఎగుమతులు ఆగలేదు. మద్రాసు గవర్నరు బకింగ్‌హామ్ ధాన్యం కొనుగోలుకు పూనుకుంటే, వ్యాపారంలో జోక్యం చేసుకోరాదని వైస్రాయి లిట్టన్ ప్రభుత్వం అడ్డుపడింది. 1877లో ఆ ప్రభుత్వం పంపిన అధికారి రిచర్డ్ టెంపుల్ వచ్చి కరువు పనుల కూలీకి రోజుకు ఇచ్చే ధాన్యాన్ని ఒక పౌనుకు, అంటే సుమారు 450 గ్రాములకు కుదించాడు.

ఒక కరువులో ధాన్యం రాలేక చనిపోయారు, మరొక కరువులో వచ్చిన ధాన్యాన్ని కొనలేక చనిపోయారు. రైలుపట్టా ధరను మోసుకెళ్ళగలదు, కొనుగోలు శక్తిని మోసుకెళ్ళలేదు. అందుకే స్వేచ్ఛా వాణిజ్యం పేరు వింటే మన పెద్దల్లో కొందరికి లోపల ఏదో బిగుసుకునేది. 2023 నిషేధం వెనుక ఆర్థికశాస్త్రం బలహీనంగా ఉన్నా, ఆ జ్ఞాపకం మాత్రం బలహీనమైనది కాదు.

రేవు పద్దులు, కాకినాడ — డిసెంబర్ 5, సాయంత్రం 5:10

పాత పుటలు వారికి ఒక చేర్పు. మా వైపు నుంచి రంగూన్ వెళ్ళి బియ్యం మిల్లుల్లో, రేవుల్లో మూటలు మోసినవారు వేలకు వేలు. కోరంగి రేవు పేరు మీద అక్కడ తెలుగువారందరినీ కోరంగీలు అనేవారు. అప్పట్లో ప్రపంచంలో అందరికంటే ఎక్కువ బియ్యం ఎగుమతి చేసే దేశం బర్మా. 1942లో జపాను సైన్యం బర్మాను ఆక్రమించడంతో ఆ బియ్యం ఆగిపోయింది. మరుసటి ఏడాది బెంగాల్ కరువుకు కారణాల్లో అదొకటి. మా తాతగారు ఆ సంవత్సరమే కాలినడకన తిరిగి వచ్చారు. వాణిజ్యం తెగిపోతే సరుకూ కూలీ ఒకేసారి వెనక్కి వస్తాయి.

యాసంగి రైతు, సూర్యాపేట జిల్లా — డిసెంబర్ 5, రాత్రి 9:00

చరిత్ర చదువుతుంటే కడుపులో తిప్పినట్టయింది. అయినా దానిని నిషేధానికి సమర్థనగా ఒప్పుకోలేను. 1877లో కొనలేనివాడిని ఆదుకునే ఏర్పాటు సరిపోలేదు. 2023లో భారత ఆహార సంస్థ గోదాములు నిండి ఉన్నాయి, ఎనభై కోట్ల మందికి బియ్యమో గోధుమలో ఉచితంగా ఇస్తున్నారు. 2024 ఫిబ్రవరిలో కిలో 29 రూపాయలకు భారత్ రైస్ పేరుతో అమ్మారు కూడా. కొనలేనివాడికి నేరుగా ఇచ్చే ఏర్పాటు ఉన్నప్పుడు నా పంటకు గేటు ఎందుకు వేయాలి?

పాత పుటలు — డిసెంబర్ 5, రాత్రి 9:35

ఈ మాటకు నా దగ్గర మంచి సమాధానం లేదు. ఒప్పుకుంటున్నాను.

పాఠం మాస్టారు — డిసెంబర్ 6, ఉదయం 7:15

రైతు గారి వాదనకు బయటి వైపు నుంచి కూడా బలం ఉంది. ప్రపంచంలో పండే బియ్యంలో దాదాపు పదో వంతే సరిహద్దులు దాటుతుంది. మిగిలినది పండిన దేశంలోనే తింటారు. ఇంత పలుచని మార్కెట్లో పెద్ద అమ్మకందారు తలుపు మూస్తే, కాలువ ఎగువన ఉన్న రైతు మడవ కట్టేసుకున్నట్టే. దిగువవాడు భయపడి తానూ కట్టేస్తాడు. చివరి పొలానికి బురద కూడా చేరదు.

2007 అక్టోబర్‌లో మనం బాస్మతీయేతర బియ్యాన్ని ఆపాం. వియత్నాం తదితర దేశాలు తామూ ఎగుమతులు బిగించాయి. ఫిలిప్పీన్స్ కంగారుపడి ఎంత ధరకైనా కొంటానని టెండర్లు వేసింది. 2008 జనవరిలో 400 డాలర్లకు లోపు ఉన్న థాయ్ బియ్యం ఏప్రిల్, మే నెలల్లో 1,000 డాలర్లు దాటింది. ఆ సమయంలో ప్రపంచ పంట బాగానే ఉంది. 2006–08లో బియ్యం ధర పెరుగుదలలో సుమారు 45 శాతం కేవలం దేశాలు తమ తమ మార్కెట్లను కాపాడుకోబోయిన చర్యల వల్లే వచ్చిందని విల్ మార్టిన్, కిమ్ ఆండర్సన్ అనే ఆర్థికవేత్తలు లెక్కగట్టారు. చివరికి ధరను చల్లార్చినది కొత్త పంట ఒక్కటే కాదు. జపాను తన దగ్గర దిగుమతి నిల్వగా పడి ఉన్న బియ్యాన్ని విడుదల చేయవచ్చునన్న వార్త కూడా పనిచేసింది. ఆ బియ్యం నిజంగా కదిలింది బహు తక్కువ. డల్లాస్ వరుసలో భయం ధరను పెంచినట్టే, అక్కడ భరోసా ధరను దించింది.

నియమాల సంగతి క్లుప్తంగా చెబుతాను. ఆహార కొరత తీవ్రంగా ఉంటే తాత్కాలికంగా ఎగుమతులు ఆపుకునే వీలు గాట్ (సుంకాలు, వాణిజ్యంపై దేశాల మధ్య సాధారణ ఒప్పందం) పదకొండవ అధికరణంలోనే ఉంది. ముందుగా తెలియజేయండి, దిగుమతి దేశాల ఇబ్బందిని గమనించండి అని ప్రపంచ వాణిజ్య సంస్థ వ్యవసాయ ఒప్పందం అడుగుతుంది, అంతకుమించి కట్టడి చేయదు. దిగుమతి సుంకాలకు ఉన్న గట్టి పగ్గం ఎగుమతి నిషేధాలకు లేదు.

మనీలా నుంచి — డిసెంబర్ 6, మధ్యాహ్నం 1:30

ఇక్కడ వైద్యవిద్య చదివే తెలుగు పిల్లలకు భోజనశాల నడుపుతున్నాను. ఫిలిప్పీన్స్ పేరు రెండుసార్లు వచ్చింది కనుక కొనేవాడి వైపు నుంచి కొంచెం చెప్పాలి. ఈ దేశం 2019లో బియ్యం దిగుమతి పరిమితులు తీసేసి, వాటి బదులు ఇరుగుపొరుగు ఆగ్నేయాసియా దేశాల బియ్యంపై 35 శాతం సుంకం పెట్టింది. ధరలు మండిపోతుంటే 2024 జూలై నుంచి దానిని 15 శాతానికి తగ్గించింది. ప్రపంచ ధర పడిపోయాక ఇక్కడి రైతుల ధాన్యం కొనే నాథుడు లేక, 2025 సెప్టెంబర్ 1 నుంచి అరవై రోజులు దిగుమతినే ఆపేసి, ఆ గడువును సంవత్సరాంతం దాకా పొడిగించింది. మీ ప్రభుత్వం ఎగుమతి ఆపినప్పుడు నా వంటింటి ఖర్చు పెరిగింది. నా ప్రభుత్వం దిగుమతి ఆపినప్పుడూ పెరిగింది. రెండుసార్లూ మా పిల్లలకు పెరుగన్నం మాత్రం తగ్గించలేదు.

మిల్లు గుమాస్తా, మిర్యాలగూడ — డిసెంబర్ 6, సాయంత్రం 6:20

2025 మార్చి చివర తెలంగాణ ప్రభుత్వం కాకినాడ నుంచి ఫిలిప్పీన్స్‌కు 12,500 టన్నుల బియ్యం ఓడ పంపింది. అది 1010 అనే దొడ్డు రకం. మనీలా వారి భోజనశాలలో ఉడికినది మా మిల్లు చుట్టుపక్కల పండినదే అయినా ఆశ్చర్యం లేదు.

గేటు ఎంత గట్టిగా వేసినా సందు ఉంటుందని కూడా చెప్పాలి. రేషన్ బియ్యాన్ని ఊళ్ళలో కిలో పది రూపాయలకు అటూ ఇటూగా కొని, పాలిష్ పట్టి, సంచి మార్చి రేవుకు చేర్చే వ్యాపారం ఉంది. 2024 నవంబర్‌లో కాకినాడలో ఆఫ్రికా వెళ్ళే ఓడ దగ్గరికి ఉప ముఖ్యమంత్రే వెళ్ళి తనిఖీ చేశారంటే సంగతి ఎంత దూరం వచ్చిందో తెలుస్తుంది. ఉచితంగా ఇచ్చిన వస్తువుకు బయట టన్నుకు వందల డాలర్లు పలుకుతున్నప్పుడు, రేవు పద్దుల వారు చెప్పిన ఖర్చుల జాబితాలో పట్టుబడే ప్రమాదం కూడా ఒక ఖర్చుగా చేరుతుంది, అంతే. రేషన్‌లో దొడ్డు బియ్యం ఇచ్చినంత కాలం, తినడం ఇష్టంలేని ఇల్లు దానిని అమ్ముకుంటూనే ఉంది. తెలంగాణలో 2025 ఏప్రిల్ నుంచి సన్నబియ్యం ఇస్తున్నారు. దానివల్ల ఈ దారి ఎంత మూసుకుంటుందో చూడాలి.

పాఠం మాస్టారు — డిసెంబర్ 6, రాత్రి 8:10

నా మొదటి ప్రశ్నను ఇప్పుడు వేరేగా రాసుకుంటున్నాను. బియ్యం ధర ఎందుకు దిగలేదని అడగకుండా, ఏ బియ్యం, ఎవరి ధర, ఏ కాలువ గుండా అని అడగవలసింది. రైతు గారూ, ఒక్క మాట. యాసంగి నార్లు పోసే రోజులు కదా ఇవి, ఇదంతా చదివాక మీరు ఏ రకం వేస్తున్నారు?

యాసంగి రైతు, సూర్యాపేట జిల్లా — డిసెంబర్ 6, రాత్రి 10:25

2025–26కు సన్నాలకు ఏ గ్రేడు మద్దతు ధర క్వింటాలుకు 2,389 రూపాయలు, రాష్ట్రం ఇస్తామన్న బోనస్ 500, కలిపి 2,889. దొడ్డుకు 2,369. కాగితం మీద చూస్తే ఆలోచించనక్కరలేదు. అయితే మేలో ఎండ కొట్టి గింజ పగిలితే మిల్లువాళ్ళు తరుగు తీస్తారు, బోనస్ ఎప్పుడు పడుతుందో తెలియదు, మనీలాలో జనవరికి తలుపు తీస్తారో లేదో అంతకన్నా తెలియదు. మూడెకరాలకు 1010, రెండెకరాలకు సన్నాలు నిన్ననే నారు పోశాను. బోరులో నీళ్ళు ఐదెకరాలకు సరిపోతే చాలు.